నలభై ఒకటో డబ్బా

ఆవిడకి అమ్మానాన్నలు పెట్టిన పేరు ఒకటుంది. మెడలో వేలాడే గుర్తింపు కార్డు మీద తప్ప అది ఎక్కడా కనపడదు, వినపడదు. ఆస్పత్రుల వాళ్ళూ ఫ్యాక్టరీల వాళ్ళూ లారీ డ్రైవర్లూ అందరూ మీటరమ్మ అనే అంటారు. పై ఆఫీసు నుంచి ఫోన్ వచ్చినా "మీటరమ్మగారున్నారా?" అనే అడుగుతారు. మొదట్లో ఆవిడకి ఒళ్ళు మండేది. తర్వాత అలవాటైపోయింది. ఇప్పుడెవరైనా అసలు పేరుతో పిలిస్తే, ఇంకెవర్నో అనుకుని వెనక్కి తిరిగి చూస్తుంది.

రాష్ట్రం మొత్తానికి రేడియేషన్ వ్యర్థాలు దాచే గోదాం ఒక్కటే. దాని తాళంచెవి ఇరవై రెండేళ్ళుగా మీటరమ్మ దగ్గరే ఉంది. గోదాం అనగానే జనం ఏవేవో ఊహించుకుంటారు. పచ్చటి పొగలట, చీకట్లో మెరుపులట! అబ్బే, అలాంటివేం లేవు. ఇనప అరలు, పసుపు రంగు పీపాలు, సీసం పోసిన డబ్బాలు, గోడకో క్యాలెండరు, ఎంత నెట్టినా సరిగ్గా మూసుకోని ఒక కిటికీ. అంతే. ఆస్పత్రుల్లో వాడి పాతబడిపోయినవీ, ఫ్యాక్టరీల్లో తొట్టి ఎంతవరకు నిండిందో కనిపెట్టే పరికరాలూ అక్కడికి చేరతాయి. ఒక్కో సీసపు డబ్బా లోపల గోరంత ముక్క ఒకటుంటుంది. దాన్ని సోర్సు అంటారు. గోరంతే గానీ, వాటిలో కొన్నింటి ప్రతాపం సగానికి తగ్గడానికే ముప్ఫై ఏళ్ళు పడుతుంది. దానికి వాసన ఉండదు, చప్పుడు ఉండదు, కంటికి ఆనదు. అది ఉందో లేదో చెప్పాల్సింది చేతిలో ఉన్న మీటరే.

అందుకే ఆవిడకి మీటరంటే ప్రాణం. పొద్దున రాగానే సంచీ కూడా కింద పెట్టకుండా సొరుగు తీసి, అందులో ఉంచిన, కాస్తంత రేడియేషన్ ఉన్న పరీక్ష బిళ్ళ దగ్గర మీటరు పెడుతుంది. ముల్లు లేవాల్సినంత లేచిందా లేదా చూస్తుంది. "నిజం చెప్పవే తల్లీ" అంటుంది దాంతో. లేస్తేనే ఆ రోజు పని మొదలు. ఒకసారి ఎవరో మంత్రిగారు గోదాం చూడ్డానికి వచ్చి గుమ్మంలో నిలబడితే, బ్యాటరీ మార్చి మళ్ళీ పరీక్ష చేసేదాకా పావుగంట ఆయన్ని అక్కడే నిలబెట్టింది. ఆ ముచ్చట ఇప్పటికీ ఆఫీసులో చెప్పుకుని నవ్వుకుంటారు.

ఆవిడ కింద పనిచేసే మనిషి ఒక్కడే, ఫోర్క్‌లిఫ్ట్ డ్రైవరు. డబ్బాల్ని ఎత్తి దించేటప్పుడు బండిని ఎంత మెల్లగా నడుపుతాడంటే, అందరూ నత్తయ్య అని పేరు పెట్టేశారు. పద్దెనిమిదేళ్ళలో ఒక్క డబ్బా అతని చేతిలో జారలేదు. ఆవిడని అక్కా అంటాడు, ఆవిడ తమ్ముడూ అంటుంది, రోజుకి నాలుగుసార్లైనా పోట్లాడుకుంటారు.

ఆవిడ రిటైరవడానికి ఇంకా నాలుగు నెలలుందనగా పై నుంచి ఆర్డరు వచ్చింది. కొండ తొలిచి కొత్త గోదాం కట్టారు. పాత గోదాంలో ఉన్న అరవై మూడు డబ్బాలూ పీపాలూ అక్కడికి తరలించాలి. అక్కడ ఒక్కోదాన్నీ గూట్లో పెట్టి చుట్టూ కాంక్రీటు పోసేస్తారు. ఆ తర్వాత దాన్ని తెరిచేవాడూ ఉండడు, చూసేవాడూ ఉండడు.

తరలింపుకి ఒక రవాణా ఆఫీసరు వచ్చాడు. ముప్ఫై దాటి ఉండవు. మడత నలగని చొక్కా, చేతిలో లావుపాటి ఫైలు. లోపలికి వస్తూనే రెండు చేతులూ జోడించాడు.

"మేడమ్, మిమ్మల్ని చూడాలని ఎన్నాళ్ళ నుంచో అనుకుంటున్నాను. మీ రిజిస్టరే మాకు ట్రైనింగులో పాఠం. కొత్త డబ్బా వస్తే ఎలా దించుకోవాలి, ఎలా రాసుకోవాలి అన్నదానికి మీ పేజీ ఒకటి జిరాక్స్ తీసి అందరికీ పంచుతారు."

మీటరమ్మ పైకి ముఖం గంటు పెట్టుకునే ఉంది గానీ లోపల కొండెక్కి కూర్చుంది. నత్తయ్య ఊరుకుంటాడా!

"అయిపోయింది. ఇక అక్కని పట్టలేం. రేపట్నుంచి నాతో కూడా జిరాక్సులోనే మాట్లాడుతుంది."

"నోరు మూసుకుని బండి తియ్యి" అంది ఆవిడ.

తరలింపుకి ఓ పద్ధతి ఉంది. అరల్లోంచి ఒక్కో డబ్బాని విడిగా బయటికి తేవాలి. ఆవరణ మధ్యలో పసుపు గీతలతో ఒక చదరం గీసి ఉంటుంది. గోదాం నుంచి అది నలభై అడుగుల దూరం, మిగతా డబ్బాల ప్రభావం అక్కడిదాకా రాదు. చదరంలో పెట్టి డబ్బాని ఆనించి ఒకసారి, మూడడుగుల దూరం నుంచి ఒకసారి కొలవాలి. ఆ అంకెని బట్టి దానికి ఏ లేబుల్ అంటించాలో, లారీలో ఏ మూల కూర్చోబెట్టాలో ఆఫీసరు రాస్తాడు. మొదటి రోజు ముప్ఫై డబ్బాలు అయ్యాయి. ఏదీ పేచీ పెట్టలేదు.

రెండో రోజు పదకొండు గంటలకి నలభై ఒకటో డబ్బా వచ్చింది. నత్తయ్య దాన్ని చదరంలో దించి బండి వెనక్కి తీశాడు. మీటరమ్మ వంగి కొలిచింది. ముల్లు నిమ్మకు నీరెత్తినట్టు అడుగునే పడుంది. ఖాళీ నేల మీద ఎంత ఉంటుందో అంతే.

ఆఫీసరు తొంగి చూసి సంబరపడిపోయాడు. "అబ్బ! ఇంత తక్కువా? ఎంత బాగా మూశారు మేడమ్! దీనికి చిన్న లేబుల్ చాలు."

"ఆగు బాబూ" అంది మీటరమ్మ.

లోపలికెళ్ళి సొరుగులో బిళ్ళ మీద మీటరు పెట్టింది. ముల్లు చక్కగా లేచింది. లారీ దగ్గరికెళ్ళి నలభయ్యో డబ్బా దగ్గర పెట్టింది. అక్కడా లేచింది. మళ్ళీ చదరంలోకి వచ్చి నలభై ఒకటి చుట్టూ నాలుగు పక్కలా, పైనా తిప్పింది. ఉలుకూ లేదు పలుకూ లేదు. దాని వివరాలు రాసిన కార్డు తీసి చదివింది. మూతపడిన ఒక పేపరు మిల్లు నుంచి పదకొండేళ్ళ కింద వచ్చింది. పదకొండేళ్ళలో సోర్సు బలం నాలుగో వంతు కూడా తగ్గదు. సీసం ఎంత మందంగా ఉన్నా, డబ్బాని ఆనించి కొలిస్తే నేల మీద ఉన్నదానికి ముప్ఫై రెట్లయినా చూపించాలి.



"కాస్త టీ తాగి రండి, ఆఫీసరుగారూ. దీని కాగితాలు ఒకసారి చూసుకోవాలి" అంది. అతను ఫైలు చంకలో పెట్టుకుని గేటు బయట టీ కొట్టుకి వెళ్ళాడు.

ఇదేం వింత, పదకొండేళ్ళు కళ్ళ ముందే ఉంటే ఇన్నాళ్ళూ తెలియలేదా అని మీరు అడగొచ్చు. అడగాల్సిందే. అరలో దానికి అటూ ఇటూ బలమైన డబ్బాలున్నాయి. వారం వారం అర ముందు నిలబడి కొలిస్తే ముల్లు లేస్తూనే ఉండేది. ఏది ఎంత చూపిస్తోందో విడదీసి చూడాలన్న అవసరం రాలేదు. విడిగా కొలిచింది అది వచ్చిన రోజే.

ఆ రోజు గురించి ఆవిడ తన్ను తాను ఎన్ని రకాలుగా నిలదీసుకుందో! కొంపలు మునిగే సంగతేమైనా జరిగిందా ఆ రోజు? లేదు. పిల్లలకి జ్వరమా? కాదు. మొగుడితో గొడవా? అదీ కాదు. మామూలు మంగళవారం. లారీ వచ్చింది, మీటరు పరీక్ష చేసింది, డబ్బా కొలిచింది, తక్కువ వచ్చింది. తక్కువ వస్తే ఆ ఉద్యోగంలో ఎవరికైనా ప్రాణం హాయిగా ఉంటుంది. ఎక్కువ వస్తేనే భయం, ఎక్కువ వస్తేనే పరుగులు. తక్కువొచ్చిందని భయపడాలని ఎవరూ ఎవరికీ చెప్పలేదు. పైగా డబ్బా మీద ఉండే నంబరు రేకు మీదికి మందంగా నీలం పెయింటు పూసేసి ఉంది. నంబరు కనపడలేదు. కాగితంలో నంబరు ఉంది కదా అని, కాగితం చూసి కార్డు మీద ఎక్కించేసింది. పెయింటు గీకి చూడ్డానికి రెండు నిమిషాలు పట్టేది. పప్పులో కాలేసింది అక్కడే.

ఇప్పుడు గీకింది. తాళంచెవి మొనతో గీకుతుంటే పెయింటు పెచ్చులు పెచ్చులుగా ఊడింది. రేకు మీద అంకెలు బయటపడ్డాయి. కార్డు పక్కన పెట్టి చూసింది. మొదటి అంకె నుంచే వేరు.

మిల్లులో ఇలాంటివి రెండుండేవన్నమాట. ఒకటి గోడకెక్కించినది, సోర్సుతో. రెండోది విడిగా తెచ్చి సామాన్ల గదిలో పెట్టుకున్న ఉత్త డబ్బా. మిల్లు మూసేసేటప్పుడు, రేడియేషన్ గుర్తున్న డబ్బా పంపెయ్యమని ఎవరో ఎవరికో చెప్పి ఉంటారు. ఆ మనిషి నిచ్చెనెక్కే ఓపిక లేక చేతికందినది పంపేశాడు. అసలుది ఇంకా ఆ గోడ మీదే ఉండాలి, లేదంటే ఇనప సామాన్ల వాడి చేతికి పోయి ఉండాలి. ఇక్కడ మాత్రం ఒక ఖాళీ డబ్బాకి పదకొండేళ్ళు తాళం వేసి కాపలా కాసింది మీటరమ్మ.

నత్తయ్య బండి దిగి వచ్చి రేకు మీది అంకెలు చూశాడు. అతనికి చదువు పెద్దగా లేకపోయినా అంకెలు తెలుసు. 

"అక్కా" అన్నాడు, గొంతు బాగా తగ్గించి. "లోపల నీలం పెయింటు డబ్బా ఉంది."

ఆవిడ తలెత్తలేదు.

"నాలుగు నెలల్లో ఇంటికెళ్ళిపోతావు. ఇదెళ్ళి కొండలో కూర్చుంటుంది. మీద కాంక్రీటు పోసేస్తారు. ఆ కుర్రాయన చిన్న లేబుల్ రాస్తానంటూనే ఉన్నాడు. ఇరవై రెండేళ్ళు ఒక్క తప్పు లేకుండా చేశావక్కా. ఈ ఒక్కదానికి నీ ముఖాన మసి పూస్తారా?"

నేను అబద్ధం చెప్పను, ఆవిడ ఆలోచించింది. అంత నికార్సైన మనిషి కూడా ఆలోచించింది. కలం మూత తీసి, కొలత రాసే కాగితం మీద దాకా తెచ్చి, అక్కడే ఆపింది. రిటైరయ్యే రోజు శాలువా కప్పుతామని డైరెక్టరుగారు అన్న మాట గుర్తొచ్చింది. మచ్చలేని రిజిస్టరు అని ఆయన అందరి ముందూ అన్నాడు. ఇప్పుడిది బయటపడితే శాలువా సంగతి సరే, మిగతా అరవై రెండిటి మీదా అనుమానపు చూపు పడుతుంది. ఆవిడ చేసినదంతా తవ్వి పోస్తారు. 

ఫోన్ తీసి ఇంటికి చేసింది. మొగుడు సిటీ బస్సు కండక్టరుగా చేసి రిటైరయ్యాడు. ఇప్పుడు ఇంట్లో ఉండి పాత గడియారాలు విప్పి మళ్ళీ బిగించలేక తంటాలు పడుతుంటాడు. జరిగింది రెండు ముక్కల్లో చెప్పింది.

"ఏం చెయ్యమంటారండీ?"

అవతల స్క్రూడ్రైవరు కింద పెట్టిన చప్పుడైంది. "దాచేద్దామనుకుంటే నాకు ఫోన్ చేసేదానివి కాదు" అన్నాడాయన. "ఇంతకీ ఆ మిల్లులో ఇప్పుడేముంది?"

 అంతసేపూ డబ్బా గురించీ రిజిస్టరు గురించీ శాలువా గురించీ ఆలోచించింది గానీ, ఆ గోడ పక్కన ఇప్పుడెవరున్నారన్న ఆలోచన రానేలేదు. అది ఆవిడకి జీవితాంతం నొప్పి పెట్టింది.

"తమ్ముడూ, పెయింటు సంగతి మర్చిపో. జీపు తియ్యి" అంది.

ఆఫీసరు టీ తాగి తిరిగొచ్చేసరికి ఆవిడ చదరంలో నిలబడే ఉంది. చిలక్కి చెప్పినట్టు మొదట్నుంచి చెప్పింది. ఎవర్నీ మధ్యలోకి లాగలేదు. డబ్బా ఖాళీ, నంబరు వేరు, కొలిచింది నేను, రాసింది నేను, సంతకం నాది. వింటూ వింటూ అతని ముఖం పాలిపోయింది. ఫైలు తెరిచి అడుగునుంచి ఒక కాగితం లాగాడు. ట్రైనింగులో పంచిన జిరాక్సు అది. పైన నలభై ఒకటి అని ఉంది. కింద ఆవిడ గుండ్రటి చేతిరాత: "రీడింగు చాలా తక్కువ. సీసం బాగా దట్టంగా పోశారు." ఆ వాక్యం కింద ట్రైనింగు మాస్టారెవరో ఎర్ర సిరాతో గీత గీసి, పక్కన "ఇలా ఉండాలి" అని రాశాడు.

"మేడమ్, ఇది చూసే మేమందరం నేర్చుకున్నాం" అన్నాడు. కోప్పడుతున్నాడో ఏడుస్తున్నాడో తెలియలేదు.

"అయితే మీరందరూ కూడా తప్పే నేర్చుకున్నారు బాబూ. పదండి, దారిలో పై ఆఫీసుకి ఫోన్ చేద్దురుగాని."

మిల్లు నగరం చివర ఉంది. గోడలు అవే, గేటు అదే, పని మాత్రం మారిపోయింది. ఇప్పుడది బట్టలు కుట్టే కార్ఖానా. లోపల అరవై కుట్టుమిషన్లు ఒక్కసారిగా నడుస్తున్నాయి. వరసలు వరసలుగా ఆడవాళ్ళు తల వంచుకుని కాలర్లు కుడుతున్నారు. సూపర్‌వైజరు పరిగెత్తుకొచ్చాడు.

"ముందు చెప్పకుండా ఇలా వస్తే ఎలాగండీ? సాయంత్రానికి రెండు వేల చొక్కాలు వెళ్ళాలి. రేపు రండి."

"బాబూ, నేను గుండీలు లెక్కపెట్టడానికి రాలేదు. పక్కకి తప్పుకో" అంది మీటరమ్మ. ఆ గొంతు విని అతను నిజంగానే తప్పుకున్నాడు.

మీటరు ముందుకి చాపి వరసల మధ్య నడిచింది. "నిజం చెప్పవే తల్లీ" అంది.  మొదటి రెండు వరసల్లో ఏమీ లేదు. నాలుగో వరసలో ముల్లు కొద్దిగా వణికింది. ఆరో వరసకి లేచింది. అక్కడ్నుంచి అడుగు అడుగుకీ పైకే. ఆఫీసరు ఆవిడ భుజం మీంచి చూస్తూ అంకెలు పైకి చదవడం మొదలుపెట్టి, చుట్టూ ఉన్న ఆడవాళ్ళు తలలెత్తేసరికి నోరు నొక్కేసుకున్నాడు.

చివరి గోడ పక్కన ఇస్త్రీ బల్ల ఉంది. దాని వెనక, నలభై ఏళ్ళున్న ఒకామె చొక్కా చేతులు తిరగేసి ఇస్త్రీ చేస్తోంది. ఆమె తలకి నాలుగడుగుల ఎత్తులో, గోడకి వేసిన నీలం పెయింటులోనే కలిసిపోయి ఒక డబ్బా ఉంది. ముఖం బల్ల వైపే. సోర్సు ముందుండే చిన్న తలుపుని తెరిచి మూసే పిడి తెరిచిన పక్కకే ఉండిపోయింది. మిల్లు ఆగిపోయిన రోజున తలుపు కూడా మూయకుండా వెళ్ళిపోయారు. డబ్బా కింది ఇనప కొక్కేనికి ఇస్త్రీ పెట్టె వైరు చుట్టి ఉంది. బల్ల దగ్గర మీటరు మామూలుకి ఎనభై రెట్లు చూపించింది.

మీటరమ్మ గట్టిగా అరవలేదు. మిషన్లు ఆపించి, "అందరూ మెల్లగా బయట ఆవరణలోకి వెళ్ళండమ్మా, తోసుకోకండి, ఏమీ పేలదు, ఏమీ అంటుకోదు" అని మూడుసార్లు చెప్పింది. తర్వాతి పని ఆవిడకి నిద్రలో లేపి అడిగినా వచ్చు. పొడుగాటి కర్రకి కొక్కెం తగిలించి, ఆఫీసరు పక్కనుంచి పిడిని లాగాడు. తుప్పు పట్టి మొరాయించింది, నాలుగోసారికి కదిలింది. తలుపు మూసుకోగానే ముల్లు పడిపోయింది. తడి దూదితో గోడా బల్లా నేలా తుడిచి కొలిచారు. దేనికీ ఏమీ అంటుకోలేదు, సోర్సు పగల్లేదు. చుట్టూ ఎర్ర పట్టీ కట్టారు. రెండు రోజుల తర్వాత, లైసెన్సున్న మనుషులొచ్చి విప్పితే, ఆ డబ్బా లారీలో గోదాంకి వచ్చింది, నత్తయ్యే దించాడు. రేకు మీద నంబరు సరిపోయింది.

ఆ మధ్యాహ్నం మాత్రం ఇంకో పని మిగిలింది. ఎవరెవరు ఎంతసేపు ఎక్కడున్నారో రాసుకునే ఫారం ఒకటుంటుంది. అది పక్కవాళ్ళకి అప్పగించినా అడిగేవాళ్ళు లేరు. మీటరమ్మ తనే తీసుకుని, ఆవరణలో ఇస్త్రీ ఆమె ఎదురుగా స్టూలు వేసుకుని కూర్చుంది.

"ఇక్కడ ఎన్నాళ్ళ నుంచి చేస్తున్నారమ్మా?"

"తొమ్మిదేళ్ళండి. మొదట్నుంచీ ఆ చోటే. అందరూ ఆ చోటు కోసం కొట్టుకున్నారు, నేనే గెలిచాను." ఆమె నవ్వింది. "వైరు కిందపడి తగలకుండా పైన కొక్కెం ఉంది కదండి, అందుకని."

"రోజుకి ఎన్ని గంటలు?"

"తొమ్మిది. సీజన్లో పది కూడా."

"మీతో పాటు అక్కడ ఇంకెవరైనా?"

"ఇంకెవరుంటారండి, మా అమ్మాయి తప్ప. బడి అయ్యాక ఇంట్లో ఎవరూ ఉండరని ఇక్కడికే వచ్చేసేది. బల్ల కింద కూర్చుని రాసుకునేది. రెండు గంటలు కదలకుండా ఉండేది, బంగారుతల్లి. ఇప్పుడు పెద్దదైందిగా, రావడం మానేసి ఏడాదవుతోంది."

ఫారంలో రెండో గీత మీద మీటరమ్మ కలం పెట్టింది. వయసు అని ఉన్న చోట ఎంత రాయాలని అడిగింది. అప్పుడొచ్చేటప్పటికి ఆరేళ్ళు, ఇప్పుడు పదిహేను అని ఆమె చెప్పింది. చెబుతూ చెబుతూ ఎదుటి మనిషి ముఖం చూసి ఆగింది. మనిషి తెలివైనది. ఎర్ర పట్టీ వంకా డబ్బా వంకా చూసింది.

"అదేంటండి? మాకేమవుతుంది?"

మీటరమ్మ దాచకుండా చెప్పింది. మామూలు మనిషి మీద ఏడాదికి ఇంతకు మించి రేడియేషన్ పడకూడదని చట్టంలో ఉంది, మీ మీద దానికి ఇరవై రెట్లు పడింది, తొమ్మిదేళ్ళూ పడింది. అమ్మాయి మీద మీకన్నా తక్కువ. ఇప్పటికిప్పుడు జబ్బు చెయ్యదు. ఎప్పటికీ ఏమీ కాకపోవచ్చు కూడా. అవుతుందా కాదా అని గ్యారంటీగా చెప్పేవాళ్ళు లేరు. ఏటేటా ఇద్దరికీ పరీక్షలు చెయ్యాలి, అవి రాష్ట్రమే చేయిస్తుంది.

"ఎవరు చేశారీ పని?"

మిల్లువాళ్ళు అనొచ్చు. అదీ నిజమే. నిచ్చెనెక్కని ఆ మనిషి అనొచ్చు. ఫారంలో కారణం అన్న గడిలో ఆ రెండూ రాయబోతోంది కూడా. కానీ ఆవిడ, "నేను" అంది. "పదకొండేళ్ళ కింద ఇది నా దగ్గరికి వచ్చేసిందని సంతకం పెట్టాను. రాలేదు. నేను సరిగ్గా చూసుకోలేదు. చూసుకుని ఉంటే మీరు ఇక్కడ చేరకముందే తీసేసేవాళ్ళం."

 ఆమె చేతిలో సగం ఇస్త్రీ అయిన చొక్కా ఇంకా ఉంది. దాన్ని ఒళ్ళో పెట్టుకుని మడత పెట్టింది. మళ్ళీ విప్పింది. తలెత్తేసరికి మీరు కాస్తా నువ్వు అయిపోయింది.

"పదకొండేళ్ళ నుంచీ ఆ మీటరు నీ దగ్గరే ఉందా?"

"ఉంది."

"ఒక్కసారి వచ్చి చూడలేకపోయావా?"

మీటరమ్మ ఫారం పూర్తి చేసి సంతకం పెట్టింది. జీపులో తిరిగొచ్చేటప్పుడు నత్తయ్య పక్క నుంచి నీళ్ళ సీసా అందిస్తే తీసుకుంది, మూత తియ్యలేకపోయింది. వెక్కి వెక్కి ఏడ్చింది. అతను బండిని ఇంకా మెల్లగా నడిపాడు.

విచారణ జరిగింది. మిగతా అరవై రెండూ విప్పి, గీకి, కొలిచారు. అన్నీ సరిగ్గానే ఉన్నాయి. ఆవిడ ఫైల్లో ఒక చీవాటు కాగితం చేరింది. శాలువా ఎవరూ కప్పలేదు. గోదాం తాళంచెవి తీసేసుకుని, మిగిలిన ఆ కొద్ది నెలలూ ట్రైనింగు గదికి పంపారు. అది శిక్ష అనుకుని పంపారో, ఆ రవాణా ఆఫీసరు వెళ్ళి అడిగాడో తెలియదు. అదే జిరాక్సు పంచి, ఎర్ర గీత మీద వేలు పెట్టి, "ఇది రాసింది నేనే. తక్కువ వచ్చిందని సంబరపడ్డాను. మీరు తక్కువ వస్తే ముందు నంబరు చూడండి, తర్వాత ఎందుకు తక్కువ వచ్చిందో చూడండి, ఆ తర్వాత తీరిగ్గా సంబరపడండి" అని చెప్పింది. కొత్తగా చేరినవాళ్ళు నవ్వాలో వద్దో తెలియక కుక్కిన పేనుల్లా కూర్చున్నారు.

రిటైరైన మొదటి ఏడాది, పరీక్షల రోజున మీటరమ్మ ఆస్పత్రికి వెళ్ళింది. ఎవరూ రమ్మనలేదు. ఇస్త్రీ ఆమె, కూతురు బెంచీ మీద కూర్చునున్నారు. ఆమె మీటరమ్మని చూసి ముఖం తిప్పుకుంది. మీటరమ్మ అదే బెంచీకి ఆ చివర కూర్చుని, వాళ్ళ పని అయిపోయాక లేచి ఇంటికొచ్చింది. రెండో ఏడాదీ అంతే. "నువ్వెందుకు వస్తున్నావు?" అని మాత్రం అడిగింది ఆమె. "చూడ్డానికి" అంది మీటరమ్మ. ఆమె సంచీ తీసి అవతల పెట్టుకుంది, మధ్యలో కాస్త చోటైంది. మీటరమ్మ జరగలేదు.

మూడో ఏడాది పిల్ల కాలేజీకి వెళ్ళింది, సాయంత్రం వచ్చి తన కాగితం తీసుకుంటానంది. ఇస్త్రీ ఆమె ఒక్కతే ఉంది. నర్సు కిటికీలోంచి పిలిచి కాగితాలు చేతికిచ్చింది. ఆమె వచ్చి బెంచీ మధ్యలో కూర్చుంది.

"అంతా బాగానే ఉందట" అంది గోడ వంక చూస్తూ.

మీటరమ్మ చెయ్యి చాపింది. "ఏదీ, ఇలా ఇవ్వు."

ఆమె ఇచ్చింది. మీటరమ్మ కళ్ళజోడు పెట్టుకుంది. బాగుందన్న గడి వైపు చూడనేలేదు. పైన ఉన్న పేరు చదివింది. వయసు చదివింది. ఇస్త్రీ ఆమె చేతిలో ఉన్న ఆస్పత్రి కార్డు తీసుకుని, కాగితం పక్కన పెట్టి, నంబరు ఒక్కో అంకే వేలితో తాకుతూ చివరిదాకా సరిచూసింది. తర్వాత కాగితం వెనక్కి తిప్పి, మళ్ళీ ముందుకి తిప్పి, అప్పుడు గడుల్లో ఉన్నది చదివింది.

"నీదే" అంది. "బాగానే ఉంది."

ఇస్త్రీ ఆమె ఆ వేలినే చూస్తూ ఉంది. కాసేపటికి సంచీ తెరిచి, అడుగున మడతపెట్టి దాచుకున్న రెండో కాగితమూ రెండో కార్డూ బయటికి తీసింది.

"పిల్లదీ ఇచ్చేశారు. ఇదీ చూడక్కా" అంది.